తెరిస్తేనే చేరినట్టు

మా విశ్వవిద్యాలయం ఏ ఊళ్లో ఉందని అడగకండి. అడిగితే మా రిజిస్ట్రారు గారు ‘సదరు సమాచారము గడువు లోపల కోరలేదు’ అని జవాబిస్తారు. రాష్ట్రంలో డాక్టర్లను తయారుచేసే కాలేజీలన్నిటికీ మేమే పెద్దదిక్కు. ఎంబీబీఎస్ అయినవాళ్లకి పై చదువు సీట్లు పంచేది మేమే. బయటివాళ్లకి పీజీ అంటే పోస్ట్ గ్రాడ్యుయేషన్. అడ్మిషన్ల సెక్షన్లో పందొమ్మిదేళ్లు నలిగిన సూపరింటెండెంటుని కనక, నాకు మాత్రం పీజీ అంటే పత్రాల గోల.

గడువులోనూ గొడవలోనూ ఉన్నవి అవే మూడు హల్లులు. గుణింతం కాస్త అటూ ఇటూ జరిపితే ఒకటి రెండోదైపోతుంది. ఈ కథకి మూడేళ్ల ముందు ఒక అభ్యర్థి నాలుగు నిమిషాలు ఆలస్యంగా కాగితం పెట్టాడు. మేం తోసిపుచ్చాం. అతను కోర్టుకెళ్లాడు. కోర్టువారు ‘గడువంటే గడువే’ అని ఒక్క వాక్యంతో కేసు కొట్టేశారు. అంతకుముందు మా విశ్వవిద్యాలయం గెలిచిన కేసు ఏదో మా లీగల్ సెక్షన్లో ఎవరికీ గుర్తులేదు. అందుకని ఆ వాక్యం మా రిజిస్ట్రారు డాక్టర్ పరంధామయ్య గారికి మత్తులా ఎక్కింది. ఫ్రేము కట్టించి తన గదిలో ఒకటి, మెట్ల మలుపులో ఒకటి, క్యాంటీన్లో పెరుగువడల పళ్లేనికి పైన ఒకటి తగిలించారు.

అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. ఆయన గడువు పరిరక్షణ సంఘం అని ఒకటి పెట్టి, దానికి తానే అధ్యక్షుడయ్యారు. పొట్టిపేరు గపసం. గబగబా పలికితే గప్‌చుప్ సంఘం అన్నట్టు వినపడేది. ఆ సంఘం మొదటి సమావేశంలోనే పుట్టింది పద్నాలుగు-బి నిబంధన. దాని పాఠం ఇది: ‘ఏ పత్రమైననూ అభ్యర్థి పంపినపుడు గాక, సంబంధిత అధికారి తెరచినపుడు మాత్రమే చేరినట్లు భావించబడును. ఈ నిబంధన విశ్వవిద్యాలయమునకు వచ్చు, విశ్వవిద్యాలయమందు తిరుగు సమస్త కాగితములకును వర్తించును.’

గుమ్మంలో నిలబడ్డ చుట్టాన్ని ఇంటికి వచ్చినట్టు లెక్కెయ్యం కదా, మనం తలుపు తీశాకే కదా వచ్చినట్టు అని రిజిస్ట్రారు గారు వివరించారు. సభ్యులంతా తలలూపారు. అప్పటికి వాళ్ల నోళ్లలో ఉల్లి పకోడీలు ఉన్నాయి. మరి అధికారి టీకి వెళితేనో అని నేను సందేహం వెలిబుచ్చాను. అధికారి ఎక్కడికీ వెళ్లడనీ, వెళ్లినా వెళ్లినట్టు భావించబడడనీ ఆయన సెలవిచ్చారు.

ఆ ఏడాది పత్రాలు అప్‌లోడ్ చెయ్యడానికి చివరి గడువు ఆగస్టు ముప్పై ఒకటి, సాయంత్రం ఐదు గంటలు అని ప్రకటించాం. క్యాలెండరు చూసి ప్రకటించామే గానీ, అది నెలాఖరు రోజని ఎవరం చూసుకోలేదు.

మాలాంటి ఆఫీసుల్లో నెలాఖరు రోజు అంటే ఏమిటో మీకు తెలిసే ఉంటుంది. పుట్టినరోజు ఏ తేదీ అయినా, ఉద్యోగి రిటైరయ్యేది నెలాఖరునే. ఆ రోజు మధ్యాహ్నం నుంచి ఫైళ్లు కదలవు, పూలదండలు కదులుతాయి. ఆ నెలాఖరున రిటైరవుతున్నది ఎవరయ్యా అంటే, పత్రాల పరిశీలనాధికారి ముక్కంటి గారు. పేరుకి మూడు కళ్లు. తెరిచేది మాత్రం రోజుకొక ఫైలు. దరఖాస్తులు తెరిచే పాస్‌వర్డు భూప్రపంచంలో ఆయన ఒక్కరికే తెలుసు.

మూడు గంటలకి సభ మొదలైంది. ముక్కంటి గారిని ముఖమల్ కుర్చీలో కూర్చోబెట్టారు. ఆయన చాలు చాలు అంటున్నకొద్దీ శాలువాలు పడుతూనే ఉన్నాయి. తర్వాత సన్మానపత్రం. అది రాసిందీ చదివిందీ నేనే. ముక్కంటి గారి సమయపాలన మీద పద్దెనిమిది చమత్కారాలు పెట్టాను. నలభై నిమిషాలు చదివాను. వన్స్ మోర్ అన్నారు. మళ్లీ మొదటినుంచి చదివాను. ఐదున్నరకి అందరం వ్యానెక్కి ఆయన్ని ఇంటిదగ్గర దింపి, వాళ్లావిడ పెట్టిన మైసూర్‌పాక్ తిని వచ్చాం.

నేను పత్రం చదువుతుండగా, సరిగ్గా మూడూ పదికి, ఇంకో పత్రం మా సర్వర్లోకి వచ్చి నిలబడింది.

దాన్ని పంపినావిడ డాక్టర్ వంతాల శశిరేఖ. ఏజెన్సీ కొండల్లో ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో ఆరేళ్లుగా డాక్టరు. కొండప్రాంతంలో పనిచేసిన ప్రభుత్వ డాక్టర్లకని విడిగా ఉంచే కోటాలో ఆ ఏడు ఆవిడదే మొదటి ర్యాంకు. ఆవిడ కోరుకున్నది మత్తు డాక్టరు కోర్సు. ఆ కోటాలో దానికి ఉన్నది ఒకే ఒక్క సీటు. కావలసినవన్నీ ముందే పెట్టింది. కొండల్లో పనిచేసినట్టు జిల్లా ఆరోగ్యాధికారి ఇచ్చే సర్వీసు పత్రం ఒక్కటే మిగిలింది. ఆ అధికారి దోమతెరల పంపిణీ అని మండలాలు పట్టుకుని తిరుగుతుంటే, ఈవిడ స్కూటీ మీద రెండు రోజులు వెనకాలే తిరిగి, ముప్పై ఒకటో తేదీ మధ్యాహ్నం ఒక బడి వరండాలో సంతకం పెట్టించుకుంది. ఫోనుకి సిగ్నలు అందేచోటికి కొండ దిగివచ్చి, మూడూ పదికి పంపింది.

మర్నాడు పొద్దున ముక్కంటి గారి కుర్చీకి నన్ను ఇన్‌ఛార్జి చేశారు. పాస్‌వర్డు నాకిచ్చారు. పదీ నలభైకి నేను ఆవిడ పత్రం తెరిచాను. కంప్యూటరు దానంతట అదే ‘చేరిన తేదీ: సెప్టెంబరు 1’ అని వేసుకుంది. ఆ మధ్యాహ్నం మూడు తర్వాత పంపినవాళ్లు మొత్తం నలభై ఏడుగురు. నలభై ఏడుగురూ గడువు దాటారు. గపసం అత్యవసరంగా సమావేశమై, ఒక్కరోజులో నలభై ఏడు అతిక్రమణలను పట్టుకున్నందుకు తనను తాను అభినందించుకుంది.

వారంలో ఆవిడ వచ్చింది. సన్నటి మనిషి, భుజానికి గుడ్డసంచి. రిజిస్ట్రారు గారు మర్యాదస్తులు. కుర్చీ వేయించి, మంచినీళ్లు ఇప్పించారు. నన్నూ పిలిపించారు.

“నేను మూడూ పదికే పెట్టానండి. మీ సైటు రసీదు కూడా ఇచ్చింది” అంది ఆవిడ.

“ఇచ్చే ఉంటుందమ్మా. అది పంపినట్టు రసీదు. చేరినట్టు కాదు.”

“మరి చేరిందెప్పుడు సార్?”

“ఒకటో తారీకు పదీ నలభైకి. ఈ సూపరింటెండెంటు గారు తెరిచినప్పుడు.”

ఆవిడ నావైపు చూసింది. నేను ఫ్యాను వైపు చూశాను.

“అంటే ఆలస్యం చేసింది నేనా?”

“అబ్బే, మీరు టైముకే ఉన్నారు. ఆలస్యమైంది మీ పత్రం. మీమీద మాకు ఏ ఫిర్యాదూ లేదమ్మా” అన్నారు రిజిస్ట్రారు గారు. నిజంగానే ఆయన గొంతులో ఫిర్యాదు లేదు.

ఆవిడ గ్లాసు బల్లమీద పెట్టింది. తర్వాత మెల్లిగా చెప్పింది. “మా దగ్గర ఆసుపత్రిలో ఆపరేషన్ బల్ల ఉంది సార్. పైన లైటు ఉంది. కోసే డాక్టరమ్మ ఉంది. మత్తు ఇచ్చేవాళ్లు లేరు. కాన్పు కష్టమైతే అంబులెన్సులో ఘాట్ దించి నూటపది కిలోమీటర్లు పంపుతున్నాం. జులైలో ఇద్దరు మలుపుల్లోనే పోయారు. ఈ చదువు అయ్యాక నేను మళ్లీ అక్కడికే వెళ్తాను. వెళ్తానని బాండు కూడా రాశాను.”

“చాలా సంతోషం. అయితే మలుపులు రోడ్ల శాఖ పరిధి, కాన్పులు ఆరోగ్యశాఖ పరిధి. మా పరిధి ఐదు గంటలు” అన్నారు రిజిస్ట్రారు గారు.

మిగతా నలభై ఆరుగురూ వచ్చే ఏడు చూసుకుందామనో, పక్క రాష్ట్రం చూసుకుందామనో సర్దుకున్నారు. ఈవిడ సర్దుకోలేదు. హైకోర్టులో రిట్టు వేసింది. రిట్టు పడితే రట్టవుతామని నేను లోలోపల అనుకున్నాను గానీ, రిజిస్ట్రారు గారు పండగ వచ్చినంత సంబరపడ్డారు. పాత వాక్యం ఫ్రేముల్లో కాస్త వెలిసింది, కొత్తది వస్తుందని ఆయన ఆశ.

మా తరఫు వకీలు శేషాచలపతి గారు. స్టాండింగ్ కౌన్సెల్. నిలబడటమే ఆయన వృత్తి. గెలవడం ఎప్పుడో ఒకసారి. పద్నాలుగు-బి నిబంధనను ఆయన కోర్టులో గుక్కతిప్పుకోకుండా చదివారు. జడ్జి గారు అంతా విని, ముప్పై ఒకటో తేదీ మూడు నుంచి ఐదు వరకు పత్రాలు తెరిచే అధికారి ఏం చేస్తున్నారని అడిగారు. సన్మానింపబడుతున్నారని శేషాచలపతి గారు మనవి చేశారు. ఆ సమయంలో గడువు నడుస్తున్నదా ఆగిందా అని జడ్జి గారి రెండో ప్రశ్న. గడువు నిరాటంకంగా నడుస్తూనే ఉంది, తెరవడం మాత్రమే ఆగిందని మావారి జవాబు.

“తెరిచేవాళ్లు లేనప్పుడు అది ఎవరికోసం నడిచినట్టు?” అన్నారు జడ్జి గారు.

దీనికి మా దగ్గర నిబంధన లేదు. రెండు వారాల్లో మీ జవాబుగా కౌంటరు అఫిడవిట్ వెయ్యండి, చివరి తేదీ అక్టోబరు ఆరు అని కోర్టువారు వాయిదా వేశారు. వాయిదాలో మాకెప్పుడూ ఫాయిదా ఉంటుంది కనక హాయిగా ఊపిరి పీల్చుకున్నాం.

లీగల్ సెక్షను వాళ్లు నిద్రాహారాలు మాని తొంభై పేజీల కౌంటరు తయారుచేశారు. సమయపాలన జాతికి ఎంత ముఖ్యమో అందులో ఇరవై పేజీలు. మూడో తేదీన దాన్ని సంతకానికి రిజిస్ట్రారు గారి బల్లమీద పెట్టారు. తర్వాత దసరా సెలవులు. తొమ్మిదో తేదీన ఆయన కవరు తెరిచారు. తెరిస్తేనే చేరినట్టు కనక కౌంటరు ఆయనకు తొమ్మిదిన చేరింది. కోర్టులో వెయ్యాల్సింది ఆరున.

ఇలాంటప్పుడు ఎవరైనా ఏం చేస్తారు? మూడు రోజుల ఆలస్యాన్ని మన్నించండి అని కోర్టుని వేడుకుంటారు. మేమూ అదే చేశాం. రిజిస్ట్రారు హోదాలో పరంధామయ్య గారు ఆ అర్జీ మీద సంతకం చేశారు. అయితే గడువుకి సంబంధించిన ఏ కాగితం ఆఫీసు దాటాలన్నా గపసం ఆమోదం కావాలి. గపసం అధ్యక్షుడు కూడా పరంధామయ్య గారే.

ఆయన గదిలో రెండు కుర్చీలున్నాయి. బల్లకి కుడిపక్కది రిజిస్ట్రారుది, ఎడమపక్కది అధ్యక్షుడిది. ఆయన కుడి కుర్చీలో కూర్చుని ‘గౌరవనీయులైన అధ్యక్షుల వారికి, సెలవుల వలన జరిగిన స్వల్ప జాప్యమును సహృదయముతో పరిశీలింప ప్రార్థన’ అని రాశారు. అటెండరు దాన్ని బల్ల చుట్టూ తిప్పి ఎడమవైపు పెట్టాడు. ఆయన లేచి వెళ్లి ఎడమ కుర్చీలో కూర్చుని, కళ్లజోడు మార్చుకుని చదివి, ముఖం చిట్లించి, ‘గడువు విషయమున ఎంతటివారినైననూ ఉపేక్షించుట ఈ సంఘమునకు సాధ్యము కాదు. మీ నిర్లక్ష్యము మిక్కిలి విచారకరము’ అని రాశారు. మళ్లీ కుడివైపుకి వచ్చి ఆ జవాబు చదువుకుని, ఆ పూటంతా ఎవరితోనూ మాట్లాడలేదు. అవమానం మామూలుది కాదు మరి.

ఇంతకంటే ముందుకి పోయే దారి లేదనుకుంటాం. ఉంది. విశ్వవిద్యాలయం అర్జీని విశ్వవిద్యాలయం తరఫునే గట్టిగా వ్యతిరేకించాలని గపసం తీర్మానించింది. శేషాచలపతి గారికి రెండు వకాలత్‌నామాలు వెళ్లాయి. ఆయన కోర్టు హాల్లో ఎడమపక్క నిలబడి మూడు రోజుల ఆలస్యాన్ని మన్నించమని పావుగంట బతిమాలి, నాలుగడుగులు నడిచి కుడిపక్క నిలబడి, పై వాదన పూర్తిగా నిరాధారమని పావుగంట మండిపడ్డారు. చూసినవాళ్లు రెండో వాదనే బాగుందన్నారు.

జడ్జి గారు కలం కిందపెట్టి, మీలో మీరు రాజీ పడతారా అని శేషాచలపతి గారిని ఒక్కరినే చూస్తూ అడిగారట. సూచనల కోసం గడువు కావాలని ఆయన అన్నారు. అంతటితో కోర్టువారు మా కౌంటరు మూసేశారు, రైల్వేస్టేషన్లో టికెట్ల కౌంటరు మూసినట్టు. అక్టోబరు ఇరవైతొమ్మిదిన తీర్పు వచ్చింది. శశిరేఖ పత్రం ఆగస్టు ముప్పై ఒకటినే చేరినట్టు పరిగణించి, వారం రోజుల్లో ఆవిడ దరఖాస్తు పరిశీలించాలి. వారం అంటే నవంబరు ఐదు. దేశం మొత్తానికి పీజీ అడ్మిషన్లకి ఆఖరి రోజు కూడా అదే. ఆరో తేదీ పొద్దుటికి ఖాళీగా మిగిలిన సీటు ఇక ఎవరిదీ కాదు.

కోర్టు ఆజ్ఞని మేం శిరసావహించాం. ఎంత శిరసావహించామంటే, ఉన్నది ఒకే అభ్యర్థి, ఒకే సీటు అయినా, నిబంధనల ప్రకారం పూర్తిస్థాయి ప్రత్యేక కౌన్సెలింగు జరిపాం. ఐదో తేదీ పొద్దున తొమ్మిదింటికి ఆడిటోరియంలో ఆరువందల కుర్చీలు వేశాం. క్యూలకి తాళ్లు కట్టాం. టోకెన్ల బల్ల, మంచినీళ్ల డ్రమ్ములు, ప్రథమ చికిత్స కేంద్రం, తప్పిపోయినవాళ్ల కోసం సహాయ కేంద్రం. మైకులో ప్రకటన: “ర్యాంకు ఒకటి నుంచి ఒకటి వరకు గల అభ్యర్థులు తోసుకొనక, క్రమశిక్షణతో రావలెను.” శశిరేఖ గుడ్డసంచితో వచ్చింది. మహిళల క్యూలో నిలబడమన్నారు. నిలబడింది. ముందుకి జరగమన్నారు. జరిగింది. ఒకటో నంబరు టోకెను ఇచ్చి, మీ వంతు వచ్చేదాకా కూర్చోమన్నారు. ఆరువందల కుర్చీల్లో ఏదో ఒకదాంట్లో కూర్చోబోతే, వరస ప్రకారం మొదటి కుర్చీలోనే కూర్చోవాలన్నారు.

రెండు గంటలు కూర్చోబెట్టి పదకొండున్నరకి పిలిచారు. వేదిక మీద రిజిస్ట్రారు గారు, పక్కన కంప్యూటరు ముందు పత్రాల పరిశీలనకి ఇన్‌ఛార్జిగా నేను. ఆయన ఆవిడ సర్వీసు పత్రాన్ని వెలుతురుకి పెట్టి చూశారు. ముఖం వెలిగింది.

“దీని తేదీ ఆగస్టు ముప్పై ఒకటి. ఇవాళ్టికి అరవై ఆరు రోజులు. అరవై రోజులు దాటిన సర్వీసు పత్రం చెల్లదమ్మా. ఇది పాతబడింది.”

“మొన్న ఆలస్యంగా వచ్చిందన్నారు” అంది ఆవిడ.

“అది మొన్న. దానిమీద కోర్టు తీర్పును గౌరవిస్తున్నాం. ఇది ముందుగా పుట్టడం గురించి.”

“ఈ అరవై ఆరు రోజులూ ఇది మీ దగ్గరే ఉంది కదండి.”

“ఎక్కడుందన్నది కాదమ్మా ప్రశ్న. వయసెంతన్నదే.” అని, సాయంత్రం ఐదులోగా కొత్త పత్రం తెప్పించుకోవచ్చని సహృదయంతో అనుమతించారు.

ఆవిడ వరండాలోకి వెళ్లి ఫోన్లు చేసింది. దోమతెరలు అయిపోయినట్టున్నాయి, ఈసారి జిల్లా అధికారి ఆఫీసులోనే దొరికారు. మధ్యాహ్నం కరెంటు పోయి, మళ్లీ వచ్చి, స్కానరు మొరాయించి, చివరికి నాలుగూ ఐదుకి కొత్త పత్రం మా సర్వర్లోకి వచ్చింది. నా తెర మీద చిన్న కవరు గుర్తు వెలిగింది. నేను మౌసు మీద చెయ్యి వేశాను.

“ఆగండి” అన్నారు రిజిస్ట్రారు గారు. కోర్టు చెప్పింది పాత పత్రం గురించి. కొత్త పత్రం కోర్టు ముందు లేదు. దాన్ని తెరిస్తే ధిక్కారమా, తెరవకపోతే ధిక్కారమా అన్నది లోతైన విషయమనీ, గపసం తేల్చాలనీ ఆయన అభిప్రాయపడ్డారు. తీర్మానం వచ్చేదాకా తెరవొద్దని నాకు చెప్పి, సభ్యులతో మేడమీదికి బయల్దేరారు.

నేను పందొమ్మిదేళ్ల గుమాస్తాని. నోటిమాట మీద మంచినీళ్లు కూడా తాగను. “ఆ మాట రాతలో ఇప్పించండి సార్” అన్నాను. రాసి పంపుతానని ఆయన మెట్లెక్కారు.

హాల్లో నేనూ, ఆవిడా, ఐదువందల తొంభై తొమ్మిది ఖాళీ కుర్చీలూ మిగిలాం. గోడ గడియారం చప్పుడు మైకులోంచి వినపడుతోంది, మైకుని ఎవరూ ఆపలేదు. నాలుగుంపావు. నాలుగున్నర. మేడమీదికి పళ్లేలు వెళ్లడం కనిపించింది. ఆవిడ మొదటి కుర్చీలో నిటారుగా కూర్చుని నా చేతినే చూస్తోంది.

నాలుగూ ముప్పై ఎనిమిదికి అటెండరు దిగివచ్చాడు. లక్క ముద్ర వేసిన కవరు నా ముందు పెట్టాడు. పైన నా హోదా, ‘అతి జరూరు’ అన్న ముద్ర. లోపల ఏముందో అటెండరుకీ తెలుసు, నాకూ తెలుసు, బహుశా మంచినీళ్ల డ్రమ్ములకి కూడా తెలుసు.

కవరు చేతిలోకి తీసుకున్నాను. చింపబోయాను. అప్పుడు పద్నాలుగు-బి నిబంధన గుర్తొచ్చింది. ఏ పత్రమైననూ. తెరచినపుడు మాత్రమే. విశ్వవిద్యాలయమందు తిరుగు సమస్త కాగితములకును.

కవరుని జాగ్రత్తగా, ముద్ర చెదరకుండా, కంప్యూటరు పక్కన పెట్టాను. మౌసు నొక్కాను. శశిరేఖ పత్రం తెరుచుకుంది. చేరిన సమయం నాలుగూ నలభై ఒకటి అని కంప్యూటరు దానంతట అదే వేసుకుంది. ‘ధ్రువీకరించడమైనది’ మీద ఒక నొక్కు, ‘సీటు కేటాయించు’ మీద ఒక నొక్కు. ప్రింటరు దగ్గి, మత్తు డాక్టరు సీటుని బయటికి నెట్టింది.

ఆవిడ కాగితం అందుకుని పై నుంచి కింది దాకా చదివింది.

“తెరవడానికి ఇంత టైమే పడతాదా సార్?” అంది.

“ఇంతేనమ్మా.”

“ఆ రోజు మూడూ పదికి మీరు ఎక్కడున్నారు?”

పందొమ్మిదేళ్లలో నన్ను ఎవరూ ఇంత సూటిగా ప్రశ్న అడగలేదు. చమత్కారం ఏదీ నోటికి రాలేదు. “సన్మానపత్రం చదువుతున్నాను” అన్నాను.

“బాగా చదివారా?”

“వన్స్ మోర్ అన్నారు.”

ఆవిడ తలూపింది. కాగితాన్ని రెండు మడతలు పెట్టి సంచిలో వేసుకుని, టోకెను బల్లమీద తిరిగి ఇచ్చేసి వెళ్లిపోయింది. థాంక్స్ చెప్పలేదు. చెప్పి ఉంటే నాకు ఇంకా కష్టంగా ఉండేది.

గపసం ఐదూ ఇరవైకి తీర్మానంతో దిగింది: ‘విషయము సంక్లిష్టమైనందున పత్రమును యథాతథముగా మూసి ఉంచవలెను.’ అప్పటికి తెరిచిన పత్రం, ఎక్కిన సీటు, వెళ్లిపోయిన అభ్యర్థి. రిజిస్ట్రారు గారి ముఖంలో రంగులు మారాయి.

“నా ఉత్తర్వు మీకు అందలేదా?”

“అందలేదండి” అన్నాను. ముద్ర చెదరని కవరు చూపించాను.

వారంలో నాకు ఛార్జిమెమో వచ్చింది. ఉత్తర్వును బుద్ధిపూర్వకముగా తెరవకపోవడం, పత్రమును తొందరపాటుతో తెరవడం అని రెండు నేరాలు. మెమోని తెరిచి సంతకం చేసి తీసుకున్నాను. మెమోల విషయంలో నాకు పట్టింపు లేదు. విచారణ మొదలైన రోజే ఆగిపోయింది. ఎందుకంటే నన్ను శిక్షించాలంటే, తెరవకపోయినా ఉత్తర్వు నాకు చేరినట్టేనని సంఘం ఒప్పుకోవాలి. ఒప్పుకుంటే ఆగస్టు ముప్పై ఒకటిన నలభై ఏడు పత్రాలూ టైముకే చేరినట్టే. నలభై ఆరుగురు కొత్తగా కోర్టుకెక్కుతారు. వదిలేద్దామంటే, రిజిస్ట్రారు గారి ఉత్తర్వుకి కవరు పాటి విలువ కూడా లేదని రికార్డులో ఉండిపోతుంది. పరంధామయ్య గారు కుడి కుర్చీలో కూర్చుని నా సస్పెన్షనుకి సిఫార్సు చేయడం, ఎడమ కుర్చీలోకి మారి నిబంధన రీత్యా దాన్ని తిరస్కరించడం ఒక నెల సాగింది. ఆయన నడుము నొప్పి అని సెలవు పెట్టాక అదీ ఆగింది.

నన్ను స్నాతకోత్సవాల సెక్షనుకి బదిలీ చేశారు. నల్లగౌన్లు దాచే గది. గౌన్ల గోడౌను. ఏడాదికి ఒకరోజు పని, మిగతా రోజులు కలరా ఉండలు లెక్కపెట్టడం. అక్కడ నేనేమి తెరిచినా ఎవరికీ నష్టం లేదని ఏలినవారి ఉద్దేశం. ఆ తర్వాతి స్నాతకోత్సవాల్లో ఒకదాంట్లో ఒక గౌను శశిరేఖ పేరు మీద వెళ్లి, ఇస్త్రీ నలగకుండా తిరిగొచ్చింది. మనిషిని చూడలేదు.

చూడకపోయినా, మొన్న ఒక మధ్యాహ్నం ఫోను మోగింది. ఆవిడే. మాటలు మధ్యమధ్య తెగుతున్నాయి, కొండల్లోంచి చేస్తోంది. నా విచారణ ఏమైందని అడిగింది. పెండింగులోనే ఉందని చెప్పాను. ఆవిడ నవ్వింది. ఇన్నేళ్లలో అది నేను వినని చప్పుడు.

“ఏదైనా పనిమీద చేశావా అమ్మా?”

“పనేం లేదు సార్. ఈ నెల్లో ఇక్కడ పదకొండు ఆపరేషన్లు అయ్యాయి. తల్లులూ పిల్లలూ అందరూ బాగున్నారు. ఒక్కళ్లని కూడా ఘాట్ దించలేదు” అని, కాస్త ఆగి అంది. “మా అంబులెన్సు డ్రైవరే పని లేక అలిగి కూర్చున్నాడు. బండికి తాటాకులు కప్పి, కింద కోళ్లను పడుకోబెట్టాడు సార్.”